ఇంట్లో చెప్పకుండా చేసిన అప్పు బయటపడితే: లెక్క తేల్చుకోవడం నుంచి మళ్లీ నమ్మడం దాకా

దాచిన అప్పు, చేసిన మనిషి నోటి నుంచి బయటికి రావడం అరుదు. వడ్డీ అందక నోటు పట్టుకుని వాకిట్లోకి వచ్చినాయన చెబుతాడు. పెళ్లికి పెట్టుకుందామని బీరువా తీస్తే గొలుసు ఉండదు. లోన్ యాప్ వాళ్లు బావమరిదికి ఫోన్ చేస్తారు. ఒంగోలు పక్క పొగాకు బ్యారన్ (ఆకు కాల్చే కొట్టం) ఉన్న ఇల్లయినా, కొత్తపట్నం వైపు రొయ్యల చెరువు లీజుకు తీసుకున్న ఇల్లయినా, నెల్లూరు టౌన్లో నెలజీతం మీద నడిచే ఇల్లయినా కథ ఇలాగే బయటపడుతుంది. అప్పుడు ఇంట్లో వచ్చే మాట కూడా ఒకటే: "అప్పు చేశావు సరే, నాకెందుకు చెప్పలేదు?"

మొదటిసారి బయటపడినప్పుడు చాలా సంసారాలు తట్టుకుంటాయి. రెండోసారి తట్టుకోవు. ముందు రెండు లక్షలంటాడు. ఏడ్చి, తిట్టి, సరే పోనీలే అనుకున్నాక నెలకి అది ఐదవుతుంది. సంక్రాంతి నాటికి తొమ్మిదవుతుంది. ఆ రెండో అబద్ధం, మూడో అబద్ధం చేసే నష్టం మొదటిదానికంటే ఎక్కువ. అందుకే క్షమించాలా, పుట్టింటికి వెళ్లాలా అన్నది తర్వాత సంగతి. ముందు మొత్తం ఎంతో తేలాలి. కింద రాసిన పనులన్నీ ఆ వరుసలోనే ఉంటాయి.

ఎక్కువ ఇళ్లలో దాచేది భర్త కాబట్టి భార్య వైపు నుంచి రాస్తున్నాను. పుట్టింటికి సాయం చేయడానికి నగ తాకట్టు పెట్టి చెప్పని భార్యలూ, మైక్రోఫైనాన్స్ వాళ్ల దగ్గర మూడు చోట్ల తీసుకుని వారం వారం తిప్పలు పడే వాళ్లూ ఉన్నారు. పాత్రలు మారినా పద్ధతి మారదు.

మొదటి రెండు మూడు రోజులు

ఈ రోజుల్లో తీసుకున్న నిర్ణయం ఏదీ నిలవదు కాబట్టి ఏమీ తీసుకోకండి. పొలం అమ్మేద్దామని, నా గాజులు అమ్మి ఇప్పుడే వాడి మొహాన కొడదామని అనిపిస్తుంది. ఆగండి. ఎవరు ఏ కాగితం తెచ్చినా సంతకం పెట్టకండి. మీ నగలు, పొలం దస్తావేజులు, పాసుపుస్తకాలు, చెక్కుబుక్కులు ఎక్కడున్నాయో చూసి మీ దగ్గర పెట్టుకోండి.

ఇంకొకటి, అన్నింటికంటే ముఖ్యమైనది. అప్పు బయటపడిన రాత్రి, ఆ తర్వాత కొన్ని రోజులు ఆ మనిషికి ప్రమాదకరమైన సమయం. ఊళ్లో పరువు పోయిందన్న భయం మనిషిని ఎక్కడికైనా తోస్తుంది. ఒంటరిగా వదలకండి. ఇంట్లో పురుగుమందు డబ్బాలుంటే వేరే చోటికి మార్చండి. చచ్చిపోతానని ఒక్కసారి అన్నా బెదిరింపు కింద కొట్టిపారేయకండి. 14416కి ఫోన్ చేస్తే ప్రభుత్వ మానసిక సాయం లైన్ టెలీమానస్ వాళ్లు తెలుగులోనే మాట్లాడతారు, డబ్బు తీసుకోరు. అలాగే, అడిగినందుకు మీ మీద చెయ్యి చేసుకునే మనిషైతే లెక్క సంగతి పక్కన పెట్టి ముందు మీరు క్షేమంగా ఉండే చోటికి వెళ్లండి. 181 మహిళల హెల్ప్‌లైన్, 112 పోలీసు.

అడగడం ఎలా

పిల్లలు పడుకున్నాక, ఫోన్లు పక్కన పెట్టి, ఇద్దరే కూర్చుని అడగాలి. అత్తగారి ముందు అడిగితే ఆయన సగం దాచుతాడు. మీ అన్నల ముందు అడిగితే ముప్పావు దాచుతాడు.

"ఎందుకు చేశావు" అన్న ప్రశ్నతో మొదలుపెట్టొద్దు. దానికి జవాబు ఎప్పుడూ సాకుగానే వస్తుంది, అక్కణ్ణుంచి గొడవ మొదలై లెక్క మరుగున పడుతుంది. ఇలా అడిగి చూడండి: "ఏమయ్యా, నాకు కోపముంది, అది ఇప్పట్లో పోదు. దాని గురించి తర్వాత మాట్లాడుకుందాం. ఇప్పుడు ఎవరెవరికి ఎంతివ్వాలో చెప్పు, నేను రాసుకుంటాను. గుర్తు రానివి ఆదివారం లోపల చెప్పు. ఆదివారం దాటాక ఇంకొకటి బయటపడితే మాత్రం అది నువ్వు కావాలని దాచినట్టే లెక్క."

ఆ గడువు కీలకం. సిగ్గుతో దాచినవాడికి అది ఊపిరి తీసుకునే సందు. కావాలనే దాచేవాడు ఆ గడువు తర్వాత తప్పించుకోలేడు.

మన వైపు ఇక్కడొక అలవాటుంది. లెక్క అడిగే బదులు ఒట్టు వేయిస్తారు. శనివారం మాత్రమే గుడి తెరిచే మాలకొండకు తీసుకెళ్లి ప్రమాణం చేయిస్తారు, జొన్నవాడ కామాక్షమ్మ ముందు నిలబెడతారు, లేదంటే బిడ్డ తల మీద చెయ్యి పెట్టిస్తారు. దేవుడి మీద నమ్మకం మీ ఇష్టం. బిడ్డ తలను మాత్రం ఇందులోకి లాగొద్దు. పైగా "ఇంకెప్పుడూ చేయను" అన్న ప్రమాణంలో ఇప్పటిదాకా ఎంత చేశాడో ఎక్కడా ఉండదు. ఏడుపూ క్షమాపణా అయిపోయాక కూడా ఆ అంకె తెలియకుండానే ఉంటుంది.

మొత్తం తేల్చడం

ఒక రెండొందల పేజీల నోటుబుక్కు తీసుకోండి. ఒక్కో అప్పుకు ఒక్కో పేజీ. ఎవరికి, ఎప్పుడు, అసలెంత, నూటికి ఎంత వడ్డీ, ఇప్పటిదాకా కట్టిందెంత, దానికి ఏం రాసిచ్చాడు, సాక్షులెవరు. నోటితో చెప్పిందాన్ని కాగితంతో సరిచూడడం ఇక్కడి పని. ఎక్కడెక్కడ వెతకాలో చెబుతాను.

బ్యాంకులు, ఫైనాన్స్ కంపెనీలు, యాప్‌లు, క్రెడిట్ కార్డులు: వీటిని క్రెడిట్ రిపోర్టు చెబుతుంది. దేశంలో నాలుగు సంస్థలు ఇస్తాయి: ట్రాన్స్‌యూనియన్ సిబిల్, ఎక్స్‌పీరియన్, ఈక్విఫాక్స్, సీఆర్‌ఐఎఫ్ హైమార్క్. ఒక్కో సంస్థ నుంచి ఏడాదికొక పూర్తి రిపోర్టు ఉచితంగా తీసుకోవచ్చు. ఆయన ఫోన్‌కి ఓటీపీ వస్తుంది కాబట్టి ఆయన పక్కన కూర్చుంటేనే కుదురుతుంది, అలా కుదరడమే మంచిది. ఒకటి చూసి సరిపెట్టుకోకుండా కనీసం రెండు చూడండి. ఇంకెవరి అప్పుకో జామీను ఉంటే అది కూడా చాలాసార్లు ఇందులో కనిపిస్తుంది. మీ పేరు మీద కూడా రిపోర్టు తీయండి. మీకు తెలియకుండా మీ ఆధార్ మీద తీసుకున్నది ఉంటే అక్కడ బయటపడుతుంది.

పొలం, ఇల్లు: రిజిస్ట్రేషన్ శాఖలో ఈసీ (ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) తీస్తే రిజిస్టరైన తనఖాలు, అమ్మకాలు తెలుస్తాయి. కానీ ఊరి వడ్డీవ్యాపారి దస్తావేజులు ఊరికే దగ్గర పెట్టుకుని ఉంటే ఈసీలో రాదు. అప్పుకు హామీగా రిజిస్టర్ కాని అమ్మకం అగ్రిమెంటు రాయించుకునే వాళ్లున్నారు, అదీ రాదు. అందుకే ఒరిజినల్ దస్తావేజు కళ్లతో చూడండి. జిరాక్స్ చూపించి "ఒరిజినల్ లాకర్లో ఉంది" అంటే లాకర్ దాకా వెళ్లండి.

నోట్లు: ప్రామిసరీ నోటుకు మూడేళ్ల గడువుంటుంది. మధ్యలో కొంత కట్టి, నోటు వెనక చెల్లు రాసి సంతకం పెడితే ఆ తేదీ నుంచి మళ్లీ మూడేళ్లు. అందుకని పాత నోటు చెల్లదులే అని వదిలేయకుండా వెనకవైపు చెల్లులెప్పుడు పడ్డాయో కనుక్కోండి. మీరు కొంత కొంతగా చెల్లించేటప్పుడు కూడా ఈ సంగతి గుర్తుండాలి.

చెక్కులు: ఖాళీ చెక్కు మీద సంతకం పెట్టి ఎన్ని ఇచ్చాడో విడిగా అడగండి, చెక్కుబుక్కు కౌంటర్ఫాయిల్స్ చూసి లెక్కపెట్టండి. అంకె తను రాయలేదంటే కోర్టులో సరిపోదు. సంతకం తనదైతే చెక్కు అప్పు కోసమే ఇచ్చినట్టు ముందుగా భావిస్తారు. కాదని రుజువు చేసుకోవాల్సింది ఇచ్చినవాడే. చెక్కు బౌన్సయితే అవతలివాళ్లు 30 రోజుల్లో నోటీసు పంపాలి, నోటీసు అందాక 15 రోజుల్లో డబ్బు కట్టొచ్చు, కట్టకపోతే ఆ తర్వాత నెలలోపల కేసు వేయొచ్చు. కాబట్టి రిజిస్టర్ పోస్టు వస్తే తీసుకోకుండా తిప్పి పంపడం తెలివైన పని కాదు. ఆ 15 రోజులే మీకు చేతిలో ఉన్న సమయం.

చీటీలు: దీన్ని అందరూ పొదుపు కింద రాస్తారు. పాడుకోని చీటీ పొదుపే. పాడేసిన చీటీ అప్పు. ఇంకా ఎన్ని నెలలు కట్టాలో ఆ మొత్తమంతా అప్పు పేజీలోకి రావాలి.

బంగారం: తాకట్టు రసీదులన్నీ తెప్పించండి. తూకం, తేదీ, గడువు చూడండి. వేలం నోటీసు పాత అడ్రసుకు వెళ్లి ఉండొచ్చు.

చివరగా చేబదుళ్లు. ఎరువుల కొట్టులో, మేతల డీలర్ దగ్గర, హేచరీలో ఉన్న ఖాతా బాకీలు, తోడల్లుడి దగ్గర, స్నేహితుల దగ్గర తీసుకున్నవి. రొయ్యల చెరువు ఉన్న ఇంట్లో ఇది చిన్న అంకె కాదు. మేత అరువు తెస్తారు, పంట పట్టాక కడతామంటారు. తెల్లమచ్చ తెగులు వచ్చి మధ్యలోనే పట్టేయాల్సి వస్తే అరువు అలాగే ఉండిపోయి, తర్వాతి పంటకి మళ్లీ కొత్త అరువు పడుతుంది.

అన్నీ రాశాక నెలకి ఎంత వడ్డీ పోతోందో కూడండి. మూడు రూపాయల వడ్డీకి మూడు లక్షలంటే నెలకి 9,000, ఏడాదికి 1,08,000. "మూడు రూపాయలే కదా" అన్న మాట ఆ పేజీ చూశాక ఇంక రాదు.

డబ్బు ఎక్కడికి పోయింది

ఇప్పుడు ఎందుకని అడగొచ్చు. పుస్తకంలో తేదీలు ఉన్నాయి కాబట్టి సాకు చెప్పడం కష్టం.

పంట పోయి, చెప్పుకోలేక, ఒక అప్పు తీర్చడానికి ఇంకొకటి చేసిన మనిషి ఒక రకం. తేదీలు పంటల వెంటే నడుస్తాయి. ఇది సిగ్గుతో పుట్టిన అబద్ధం. బాగుపడే అవకాశం ఎక్కువ.

క్రికెట్ బెట్టింగ్, ఆన్‌లైన్ రమ్మీ ఇంకో రకం. చిన్న చిన్న మొత్తాలు, అర్ధరాత్రి దాటాక యూపీఐ చెల్లింపులు, ఐపీఎల్ నెలల్లో ఎక్కువ. ఆంధ్రప్రదేశ్‌లో ఆన్‌లైన్ రమ్మీ, పేకాటల మీద 2020లోనే నిషేధం వచ్చింది. 2025లో కేంద్రం డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలన్నిటినీ నిషేధిస్తూ చట్టం చేసింది. అయినా దొంగచాటు యాప్‌లు నడుస్తూనే ఉన్నాయి. ఇక్కడ అప్పు తీర్చేస్తే సమస్య తీరదు. అత్తింటివాళ్లు పొలం అమ్మి మొత్తం కట్టేస్తే ఆరు నెలలకి మళ్లీ మొదలవుతుంది, ఎందుకంటే ఈసారి అప్పు ఇచ్చేవాళ్లకి వెనక కట్టేవాళ్లున్నారని తెలిసిపోయింది. మానసిక వైద్యుణ్ణి కలవడం, డబ్బు పూర్తిగా మీ చేతికి రావడం, రెండూ జరగాలి.

మూడోది చెప్పడానికి ఇబ్బందైనా చెప్పాలి. కనిగిరి వైపు నుంచి బేల్దారి పనికి హైదరాబాద్, బెంగళూరు వెళ్లి నెలల తరబడి అక్కడే ఉండే మనిషి కావచ్చు, ఇక్కడే ఉండే మనిషి కావచ్చు, ప్రతి నెలా ఒకే నంబరుకు డబ్బు వెళ్తుంటే ఇంకో సంబంధం ఉండొచ్చు. ఉండొచ్చు అన్నానంతే. చెల్లెలికో, చిన్ననాటి స్నేహితుడికో కూడా కావచ్చు, కాబట్టి ముందు అడగండి. నిజమే అయితే, అప్పుడది డబ్బు విషయం కాదు. పరాయి సంబంధం నేరమన్న ఐపీసీ 497ను సుప్రీంకోర్టు 2018 సెప్టెంబరు 27న కొట్టేసింది కాబట్టి దాని మీద పోలీసు కేసు లేదు. హిందూ వివాహ చట్టం కింద విడాకులకు మాత్రం అది ఇప్పటికీ కారణమే. రెండో పెళ్లి చేసుకుని ఉంటే అది నేరమే. ఈ నిర్ణయం ఎటైనా, అప్పుల పుస్తకం పూర్తిగా చేతికొచ్చాకే తీసుకోండి. విడిపోయినా కలిసున్నా మీకు అదే ఆధారం.

ఎవరి అప్పు ఎవరిది

అప్పులవాళ్లు భార్యను పట్టుకుని "నీ మొగుడి బాకీ నువ్వు కట్టాలి" అంటారు. మీరు సంతకం పెట్టని అప్పుకు మీ సొంత ఆస్తి బాధ్యత కాదు. జామీను సంతకం పెట్టి ఉంటే మాత్రం అప్పు తీసుకున్నవాడితో సమానంగా మీరూ బాధ్యులు. మనిషి చనిపోతే వారసులు వాళ్లకు వచ్చిన ఆస్తి మేరకే కట్టాలి, సొంత సంపాదన నుంచి కాదు. "నోటు తిరగరాద్దాం, ఈసారి అమ్మాయి కూడా సంతకం పెడితే చాలు, వడ్డీ తగ్గిస్తా" అని తీపిగా అడుగుతారు. పెట్టొద్దు.

డ్వాక్రా రుణం మీ పేరు మీద తీసి ఆయనకిచ్చి ఉంటే అది మీదే. గ్రూపులో మిగతా ఆడవాళ్ల పరువు కూడా దానితో ముడిపడి ఉంటుంది, కాబట్టి వాయిదా తప్పనివ్వకండి.

పుట్టింటివాళ్లు పెట్టిన బంగారం, పసుపు కుంకుమ కింద ఇచ్చిన పొలం మీ స్త్రీధనం. కష్టంలో భర్త దాన్ని వాడుకున్నా తిరిగి ఇవ్వాల్సిన బాధ్యత అతనిదేనని సుప్రీంకోర్టు 2024లో మళ్లీ స్పష్టం చేసింది. అంటే తాకట్టులో ఉన్న మీ నగ కూడా పుస్తకంలో ఒక అప్పే, అప్పిచ్చింది మీరు. దానికీ ఒక పేజీ రాయండి.

అప్పులవాళ్లతో

ఏది ముందు కట్టాలన్నది మొహమాటం నిర్ణయించకూడదు. మన వాళ్లు ముందు బంధువులకి కడతారు, ఎందుకంటే వాళ్ల మాట గుచ్చుకుంటుంది. నేనైతే వేలానికి దగ్గరపడ్డ బంగారం, నోటీసు వచ్చిన చెక్కు ముందు చూస్తాను. తర్వాత ఎక్కువ వడ్డీవి. వడ్డీ అడగని బంధువుకి ఇద్దరూ కలిసి ఇంటికి వెళ్లి, "ఫలానా నెల దాకా ఆగు బావా" అని చెప్పి రావాలి. తప్పించుకు తిరగడం వేరు, గడువు అడగడం వేరు.

వడ్డీవ్యాపారి దగ్గరికి ఊళ్లో మాట చెల్లే ఒక పెద్దమనిషితో వెళ్లండి. ఇక వడ్డీ ఆపి, అసలుకి వాయిదాలు పెట్టమని అడగండి. కట్టిన వడ్డీ అసలును దాటిపోయిన చోట చాలామంది ఒప్పుకుంటారు, కోర్టుకి వెళ్తే ఏళ్లు పడుతుందని వాళ్లకీ తెలుసు. మన ఆదాయం నెల నెలా వచ్చేది కాదు కాబట్టి వాయిదాలు కూడా దాని ప్రకారమే ఉండాలి: పొగాకైతే వేలం డబ్బు చేతికొచ్చాక, వరైతే కోతయ్యాక, రొయ్యలైతే పట్టుబడి అయ్యాక. జరగని నెలవారీ మాట ఇచ్చి మళ్లీ తప్పితే బయటి నమ్మకం కూడా పోతుంది.

మూడు రూపాయల అప్పును బ్యాంకు బంగారు రుణంతో మార్చుకోవడం ఒక్కటే నేను ఒప్పుకునే కొత్త అప్పు. మూడు లక్షలకి నెలకి 9,000 పోయే చోట, ఏడాదికి పది శాతం అనుకుంటే 2,500తో సరిపోతుంది. అదీ ఇద్దరూ వెళ్లి, మీ పేరు మీద పెట్టి, ఆ డబ్బు చేతికి ఇవ్వకుండా నేరుగా అప్పిచ్చినాయనకే ఇచ్చి, నోటు వెనక్కి తీసుకుని.

రికవరీ ఏజెంట్లు ఉదయం 8 కి ముందు, సాయంత్రం 7 తర్వాత ఫోన్ చేయకూడదని రిజర్వు బ్యాంకు నిబంధన. లోన్ యాప్‌లు ఫోన్లోని కాంటాక్టులు, ఫోటోలు తీసుకోకూడదు. ఫోటోలు మార్ఫింగ్ చేసి బెదిరిస్తే సైబర్ నేరాల హెల్ప్‌లైన్ 1930కి చెప్పండి, డబ్బు పంపి నోరు మూయించాలని చూడకండి. లాయరు కావాలంటే, ఆడవాళ్లకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయసాయం ఉంది. 15100కి ఫోన్ చేయండి, లేదా నెల్లూరు, ఒంగోలు కోర్టుల దగ్గర జిల్లా న్యాయసేవాధికార సంస్థలో అడగండి.

ఎవరికి చెప్పాలి

పంచాయితీ పెట్టి ఇరవై మందిని కూర్చోబెడితే ఆ రోజు మీ కోపం తీరుతుంది, ఆ తర్వాత ఆయన మీకు ఏదీ చెప్పడు. రెండు వైపుల నుంచి ఒక్కొక్కరు చాలు, నోరు జారని వాళ్లయితే. పిల్లలకు ఇంట్లో టెన్షన్ ఎలాగూ తెలుస్తుంది. పదో తరగతి దాటిన పిల్లలకు "డబ్బు ఇబ్బంది ఉంది, చూసుకుంటున్నాం, నీ ఫీజు ఆగదు" అని చెప్పండి. తండ్రిని దొంగ అని వాళ్ల ముందు అనొద్దు.

మళ్లీ నమ్మడం

ఇక్కడికి వచ్చేసరికి ఆయన "అన్నీ చెప్పేశానుగా, ఇంకా అనుమానమా" అంటాడు. చెప్పినరోజే అనుమానం పోదు. నమ్మకం పాడుచేసినవాళ్లే అడగకముందు లెక్క చూపించాలి. రోజూ ఫోన్ లాక్కుని చూస్తే మీకూ నిద్ర ఉండదు, ఆయనకూ విసుగు వస్తుంది. దానికి బదులు ఒక రోజు పెట్టుకోండి, నెలలో మొదటి ఆదివారం. బ్యాంకు స్టేట్‌మెంట్, యూపీఐ చిట్టా, అప్పుల పుస్తకం ముందు పెట్టుకుని ఒక గంట. ఆ గంటలో ఎంతైనా అడగొచ్చు. మిగతా రోజుల్లో అన్నం దగ్గర ఎత్తకూడదు. రెండో షరతు పాటించడం కష్టం, అందులోనూ మీకే ఎక్కువ కష్టం.

పంట డబ్బు, జీతం ఇద్దరి పేరున్న ఖాతాలోకి రావాలి. ఒక మొత్తం దాటితే ఇద్దరూ ఒప్పుకున్నాకే ఖర్చు. ఆయన చేతి ఖర్చుకి కొంత, మీకు కొంత, వాటికి లెక్క అడగొద్దు. టీ డబ్బులకు కూడా చేయి చాచాల్సి వస్తే మనిషి మళ్లీ దాచడం నేర్చుకుంటాడు. క్రెడిట్ రిపోర్టును ఆరు నెలలకొకసారి తీయండి. నాలుగు సంస్థలున్నాయి కాబట్టి వంతులవారీగా తీస్తే ఖర్చు లేదు. ఈ కట్టుబాట్లకు ముందే గడువు చెప్పండి, ఏడాదో, రెండు పంటలో. జీవితాంతం అంటే ఎవరూ నిలబడలేరు.

ఈ మధ్యలో ఆయనంతట ఆయనే వచ్చి "ఇవాళ ఫలానా వాడు డబ్బు సర్దుతానన్నాడు, వద్దన్నాను" అని చెబితే గమనించండి. పుస్తకంలో రాయదగ్గ సంగతి కాకపోయినా.

ఆదివారం గడువు దాటాక కొత్త అప్పు బయటపడితే, లేదా ఇంకో నోటు రాసినట్టు తెలిస్తే, ముందు చెప్పిన మాట నిలబెట్టుకోవాలి. విడాకులే అనక్కర్లేదు. మీ జీతం, మీ పొలం కౌలు, మీ బంగారం వేరు చేసుకోవడం, ఆయన అప్పులకు ఇక మీ వైపు నుంచి పైసా వెళ్లకపోవడం కూడా ఒక నిర్ణయమే. స్త్రీధనం తిరిగి ఇవ్వకపోవడం, ఇంటి ఖర్చుకు ఇవ్వకపోవడం 2005 గృహహింస చట్టంలో ఆర్థిక హింస కిందికి వస్తాయి. ఆ దారి కూడా తెలిసి ఉండాలి.

తీరిన అప్పుకు కాగితాలు

ఒక్కో అప్పు తీరినప్పుడు పేజీ కొట్టేసి ఊరుకోకండి. ఒరిజినల్ నోటు వెనక్కి తీసుకోండి. "పోయింది, వెతికిస్తా" అంటే, మొత్తం ముట్టిందని సాక్షి సంతకంతో రసీదు రాయించుకున్నాకే చివరి వాయిదా ఇవ్వండి. ఖాళీ చెక్కులు ఎన్ని ఇచ్చారో అన్నీ నంబర్లతో సహా తిరిగి తీసుకోవాలి. అమ్మకం అగ్రిమెంటు రాసి ఉంటే రద్దు కాగితం కావాలి. బ్యాంకులోనో ఫైనాన్స్ కంపెనీలోనో పెట్టిన ఇంటి దస్తావేజులు, అప్పు పూర్తిగా తీరిన 30 రోజుల్లో వాళ్లు తిరిగివ్వాలి. వాళ్ల వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయల చొప్పున పరిహారం ఇవ్వాలని రిజర్వు బ్యాంకు నిబంధన, అడిగి తీసుకోండి. ఎన్‌వోసీ (బాకీ లేదన్న కాగితం) వచ్చాక తనఖా రద్దయినట్టు రిజిస్టర్ చేయించి, ఇంకోసారి ఈసీ తీసి చూసుకోండి.